పెటులా క్లార్క్: ఎనభై ఏళ్ల గానయాత్ర

మూడు నాలుగు నిమిషాల పాటను రికార్డుగా ముద్రించి అమ్మడం, దాన్నే రేడియోలో పదేపదే వినిపించడం అనే రెండు పనుల ఆధారంగా పెరిగి, పాప్ అనే పొట్టి పేరుతో లోకమంతటా వ్యాపించిన జనరంజక సంగీతంలో, ఒక గాయని పేరు పదేళ్లపాటు శ్రోతల నాలుకల మీద ఆడితే అదే గొప్ప సంగతిగా భావించడం పరిపాటి. కొత్త గొంతు వినబడగానే పాత గొంతును మరచిపోయే ఈ రంగంలో, 1942లో తొమ్మిదేళ్ల వయసున బీబీసీ రేడియోలో పాడి, 2022లో ఎనభై తొమ్మిదేళ్ల వయసున లండన్ రంగస్థలం మీద పాడిన పెటులా క్లార్క్ జీవితం అందువల్ల ప్రత్యేక పరిశీలనకు తగినది. ఇంగ్లండుకు చెందిన ఈ గాయని, నటి గురించి చాలామందికి తెలిసినది 1964లో వెలువడిన 'డౌన్‌టౌన్' అనే ఒక్క పాట మాత్రమే కాగా, సంగీత చరిత్రలు సైతం ఆమెను ఆ పాటతోనే మొదలుపెట్టి, ఆ దశాబ్దంతోనే ముగించడం కనిపిస్తుంది. ఆ పాట రికార్డయ్యే నాటికి ఆమెకు ఇరవై రెండేళ్ల వృత్తి అనుభవం ఉందనీ, ఆ అనుభవం లేకపోతే ఆ పాటకు ఆ రూపం వచ్చి ఉండేది కాదనీ గుర్తించినప్పుడే ఆమె ప్రతిభకు న్యాయం జరుగుతుంది.

పెటులా క్లార్క్ 1932 నవంబరు 15న లండనుకు దక్షిణంగా ఉన్న సర్రే ప్రాంతంలో జన్మించారు. తల్లిదండ్రులు పెట్టిన పేరు శాలీ ఓల్వెన్ క్లార్క్ కాగా, పెటులా అన్నది తండ్రి లెస్లీ క్లార్క్ ఆమె కోసం కల్పించిన రంగస్థల నామం. తల్లి వేల్స్ దేశస్థురాలు. ప్రార్థనా మందిరాల్లో బృందగానం నిత్యజీవితంలో భాగమైన ఆ దేశంతో ఉన్న బంధుత్వం వల్ల పాట ఆమెకు చిన్ననాటనే అబ్బినా, ఆమె మనసు మొదట నిలిచినది నటన మీదనే. 1938లో తండ్రి వెంట వెళ్లి ఫ్లోరా రాబ్సన్ అనే ప్రసిద్ధ నటి ప్రదర్శించిన నాటకం చూసినప్పుడే నటి కావాలని నిశ్చయించుకున్నట్లు ఆమె తరువాతి కాలంలో చెప్పుకున్నారు. గాయనిగా ఆమె సాధించిన కీర్తిని అంచనా వేసేటప్పుడు ఈ సంగతి మరువరానిది. పాటలోని ప్రతి మాటనూ ఒక పాత్ర పలికే సంభాషణగా భావించి ఉచ్చరించే అలవాటు ఆమె రికార్డులన్నింటిలోనూ స్పష్టంగా వినిపిస్తుంది.

రెండవ ప్రపంచ యుద్ధ కాలంలో విదేశాల్లో పోరాడుతున్న సైనికులకు వారి కుటుంబాల క్షేమవార్తలను చేరవేయడానికి బీబీసీ కొన్ని ప్రత్యేక కార్యక్రమాలు నడిపేది. లండన్ నడిబొడ్డున పికడిలీ కూడలిలో, అధిక భాగం నేలమట్టానికి దిగువన ఉన్న క్రైటీరియన్ నాటకశాల బాంబుల నుంచి కొంత రక్షణ కల్పిస్తుందన్న కారణంతో, యుద్ధకాలంలో బీబీసీకి ప్రసారశాలగా ఉపయోగపడింది. 1942 అక్టోబరులో విదేశంలో ఉన్న మేనమామకో పినతండ్రికో శుభాకాంక్షలు తెలపడానికి తండ్రితో పాటు అక్కడికి వచ్చిన పిల్లల్లో పెటులా ఒకరు. వైమానిక దాడి వల్ల కార్యక్రమం ఆగిపోయి, లోపలి జనంలో కలవరం మొదలైనప్పుడు, ఎవరైనా పాట పాడితే బాగుంటుందని కార్యక్రమ నిర్మాత కోరగా ఆ బాలిక ముందుకు వచ్చి పాడింది. అది బాగున్నందున ప్రసారంలో మళ్లీ పాడించారు. అనంతరం యుద్ధం ముగిసేలోగా సైనిక శిబిరాల్లోనూ రేడియోలోనూ వందల కార్యక్రమాల్లో ఆమె పాల్గొన్నారు. అలాంటి పర్యటనల్లో ఆమెతో కలిసి రైళ్లలో తిరిగిన మరొక బాలగాయని జూలీ ఆండ్రూస్, తదనంతర కాలంలో 'మేరీ పాపిన్స్', 'ద సౌండ్ ఆఫ్ మ్యూజిక్' చిత్రాలతో లోకప్రసిద్ధి పొందారు.

ఈ రేడియో శిక్షణ ప్రాముఖ్యాన్ని కొంత వివరంగా గ్రహించవలసి ఉంది. నాటకశాలలో చివరి వరుస దాకా వినిపించేలా గొంతెత్తి పాడడం ఒక విద్య కాగా, మైక్రోఫోనుకు జానెడు దూరంలో నిలబడి, కంటికి కనిపించని ఒక్క మనిషితో మాట్లాడుతున్నట్లు పాడడం దానికి పూర్తిగా భిన్నమైన విద్య. మైక్రోఫోను గాయకుడి ఊపిరిని, పెదవుల కదలికను, పదాంతంలోని హల్లును సైతం పట్టుకుంటుంది కాబట్టి, అక్కడ బలప్రదర్శన కన్నా నిగ్రహం ఎక్కువ ఫలితమిస్తుంది. పదేళ్లు నిండకముందే ఈ విద్యలో ప్రవేశించి, దూరాన ఒంటరిగా ఉన్న సైనికుణ్ని ఊహించుకుని పాడడం అలవరచుకున్న గాయని, వినేవాడు ఒక్కడే అన్న భావనను ఆ తరువాత ఏనాడూ విడిచిపెట్టలేదు.

బాలనటిగా ఆమె మొదటి చిత్రం మారిస్ ఎల్వీ దర్శకత్వంలో 1944లో వచ్చిన 'మెడల్ ఫర్ ద జనరల్'. అటుపిమ్మట 1948, 1949 సంవత్సరాల్లో హగెట్ అనే సామాన్య లండన్ కుటుంబం కథగా వచ్చిన వరుస హాస్యచిత్రాల్లో ఆమె ఆ ఇంటి కూతురుగా నటించారు. హాలీవుడ్ బాలనటి షర్లీ టెంపుల్‌తో ఆమెను పత్రికలు పోల్చేవి. ఆ పోలికే ఆమెకు క్రమంగా సంకెల అయింది. పదహారు పదిహేడేళ్ల వయసు వచ్చినా నిర్మాతలకు, ప్రేక్షకులకు, కొంతవరకు తండ్రికి సైతం ఆమె యుద్ధకాలపు చిన్నపిల్లగానే ఉండాలన్న కోరిక బలంగా ఉండేది. పెరిగిన శరీరాన్ని దాచిపెట్టే దుస్తులు, పొట్టి మేజోళ్లు, పిల్లల పాత్రలు కొన్నేళ్లపాటు ఆమెను వెన్నాడాయి. దేశమంతా తన బిడ్డగా భావించి ముద్దుచేసిన పిల్లకు పెరిగే హక్కు లేకుండా పోవడం ఆ అభిమానంలోని క్రూరత్వం. 1952లో అలెక్ గిన్నిస్ సరసన నటించిన 'ద కార్డ్' వంటి చిత్రాల్లో యువతి పాత్రలు లభించినా, బ్రిటన్ ఆమెను చూసే చూపు పెద్దగా మారలేదు.

రికార్డుల రంగంలో ఆమె 1949లో అడుగుపెట్టారు. అలన్ ఫ్రీమన్ అనే నిర్మాతతో కలిసి తండ్రి స్థాపించిన పాలిగన్ అనే చిన్న సంస్థ తరఫున పాడిన పాటల్లో 1954 నాటి 'ద లిటిల్ షూమేకర్' బ్రిటిష్ అమ్మకాల పట్టికలో మొదటి పది స్థానాల్లోకి చేరింది. అమ్మకాల పట్టిక అంటే ఆ వారంలో ఏ రికార్డు ఎంతగా అమ్ముడుపోయిందో లెక్కగట్టి వరుసక్రమంలో పత్రికలు ప్రకటించే జాబితా. పాప్ సంగీతంలో జయాపజయాలను నిర్ణయించే తూనికరాయి అదే. ఈ పాటకు మూలం ఒక ఫ్రెంచి పాట కావడం గమనించదగినది. అయితే ఈ దశలోని ఆమె పాటలు చాలావరకు ముచ్చటగా ఉన్నా లోతులేనివి, గొంతులోని సామర్థ్యానికి పని కల్పించనివి అని నిర్మొహమాటంగా చెప్పవలసి ఉంటుంది.

ఆమె జీవితంలో నిజమైన మలుపు ఫ్రాన్సులో వచ్చింది. 1957లో పారిస్‌లోని ఒలింపియా అనే సుప్రసిద్ధ సంగీతశాలలో పాడడానికి ఆహ్వానం అందింది. ఎడిత్ పియాఫ్ వంటి మహాగాయనుల పాటలు మారుమోగిన ఆ వేదిక మీద ఫ్రెంచి రాని ఒక ఇంగ్లీషు యువతి నిలబడడం సాహసమే అయినా, అక్కడి శ్రోతలు ఆమెను ఆదరించారు. ఆమె రికార్డులను ఫ్రాన్సులో విడుదల చేసే వోగ్ సంస్థలో ప్రచార వ్యవహారాలు చూస్తున్న క్లోద్ వోల్ఫ్‌తో ఈ ప్రయాణంలో ఏర్పడిన పరిచయం 1961లో వివాహానికి దారితీయగా, ఆమె నివాసం ఫ్రాన్సుకు మారింది. ఫ్రెంచి నేర్చుకుని ఆ భాషలో పాడడం ప్రారంభించినప్పుడు ఆమె ఉచ్చారణలో మిగిలిన ఇంగ్లీషు యాస అక్కడి శ్రోతలకు దోషంగా తోచకపోగా ప్రత్యేకమైన ఆకర్షణ అయింది. అన్నింటికన్నా ముఖ్యంగా, ఫ్రాన్సులో ఎవరికీ ఆమె బాల్యం జ్ఞాపకం లేదు. ఇరవై అయిదేళ్ల స్త్రీని ఇరవై అయిదేళ్ల స్త్రీగా చూసిన మొదటి శ్రోతలు వారే.

ఫ్రెంచి పాటలో సాహిత్యానికి, అంటే పాట మాటలకు, ఇచ్చే ప్రాధాన్యం ఆమె గానాన్ని లోపలి నుంచి మార్చింది. జాక్ బ్రెల్, సెర్జ్ గేన్స్‌బూర్ వంటి గీతకర్తల పాటలు పాడిన గాయని, మాటను బాణీకి లొంగదీయకుండా రెండింటినీ సమంగా మోయడం అభ్యసించక తప్పదు. 1962లో పాడిన 'షారియో' ఫ్రాన్సులో విశేషంగా అమ్ముడుపోయింది. ఆ బాణీయే మరుసటి ఏడాది 'ఐ విల్ ఫాలో హిమ్' అనే పేరుతో వేరొక గాయని గొంతులో అమెరికాను ఊపివేసింది. అదే 1962లో 'మస్యూ' అనే జర్మన్ పాట పశ్చిమ జర్మనీలో ప్రథమ స్థానం పొందింది. అంతకుముందే 1961లో, మూలంలో జర్మన్ పాట అయిన 'సెయిలర్' ఆమెకు బ్రిటన్‌లో మొదటిసారిగా ప్రథమ స్థానం తెచ్చిపెట్టింది. ఒకే బాణీకి నాలుగైదు భాషల్లో వేర్వేరు సాహిత్యం రాయించి, ఆయా దేశాల మార్కెట్టుకు తగినట్లు ఒకే గాయని చేత పాడించడం ఆనాటి యూరపులో రికార్డు సంస్థల ఆచారం. ఫ్రెంచి, జర్మన్, ఇటాలియన్, స్పానిష్ భాషల్లో ఆమె ఈ పని చేసిన తీరు చాలామంది సమకాలికుల వలె అక్షరాలు అప్పజెప్పినట్లు ఉండదు. ఆయా భాషల ఊపును పట్టుకుని పాడినట్లు తెలుస్తుంది.

ఇంతటి సన్నద్ధతతో ఉన్న గాయని వద్దకు 'డౌన్‌టౌన్' చేరింది. పై అనే బ్రిటిష్ రికార్డు సంస్థలో పనిచేస్తున్న టోనీ హాచ్ అనే యువ స్వరకర్త 1964లో మొదటిసారి న్యూయార్కు వెళ్లి, రాత్రివేళ టైమ్స్ స్క్వేర్ వైపు నడిచినప్పుడు కలిగిన ఉత్సాహంతో ఒక బాణీ అల్లుకున్నారు. అమెరికన్ నగరాల్లో దుకాణాలు, సినిమాహాళ్లు, నృత్యశాలలు కొలువుతీరిన నడిమి ప్రాంతాన్ని డౌన్‌టౌన్ అంటారు. కొత్త పాటల కోసం పారిస్‌లో ఆమె ఇంటికి వెళ్లినప్పుడు హాచ్ ఈ అసంపూర్ణమైన బాణీని పియానో మీద వినిపించగా, బాణీకి తగిన సాహిత్యం రాయగలిగితే తప్పక పాడతానని ఆమె చెప్పడంతో పాట పూర్తయింది. 1964 అక్టోబరు 16న లండన్‌లోని పై స్టూడియోలో రికార్డింగు జరిగింది. వాద్యబృందమూ, సహగాయకులూ, గాయనీ ఒకే గదిలో ఒకేసారి పాడి వాయించిన రికార్డింగు అది. ఆ బృందంలో గిటారు వాయించినవారిలో ఒకరైన జిమ్మీ పేజ్, అనంతరం లెడ్ జెపెలిన్ అనే రాక్ బృందాన్ని స్థాపించారు.

ఈ పాట నిర్మాణం సావధానంగా వినదగినది. ఒంటరితనంతో, దిగులుతో ఉన్న ఒక వ్యక్తిని ఉద్దేశించి, దీపాలు వెలిగే నగర మధ్యానికి వెళ్లమని, అక్కడి సందడిలో మనసు తేలిక పడుతుందని చెప్పడం దీని సారాంశం. మొదట పియానో మాత్రమే తోడుగా, దాదాపు సంభాషణ స్థాయిలో గొంతు ప్రారంభమవుతుంది. చరణం నడిచేకొద్దీ డప్పులు, తంత్రీవాద్యాలు, బాకాలు ఒక్కొక్కటిగా వచ్చి చేరతాయి. స్వరం మెట్టుమెట్టుగా పైకెక్కి, పాట పేరు వచ్చే చోట ఒక్కసారిగా విచ్చుకుంటుంది. మామూలు గాయని ఆ విచ్చుకునే చోట బలమంతా చూపించి, ముందున్న నెమ్మదైన భాగాన్ని దానికి దారిగా మాత్రమే వాడుకునేది. పెటులా క్లార్క్ మొదటి చరణంలోనే వినేవారి భుజం మీద చేయి వేసినంత దగ్గరగా మాట్లాడి, వారి నమ్మకం సంపాదించుకున్నాక మాత్రమే గొంతెత్తుతారు. పాటలో ఉద్దేశింపబడిన 'నువ్వు' ఎవరో ఆమెకు తెలుసుననిపించే ఆ ధోరణికి మూలాన్ని 1942 నాటి యుద్ధకాలపు ప్రసారాల్లోనే వెదకాలి. కనిపించని ఒంటరి మనిషిని ఊరడించడం ఆమెకు బాల్యం నుంచీ పని.

1965 జనవరిలో ఈ రికార్డు అమెరికన్ అమ్మకాల పట్టికలో ప్రథమ స్థానానికి చేరగా, బ్రిటన్‌లో బీటిల్స్ బృందం పాట అగ్రస్థానంలో ఉన్నందున రెండవ స్థానంతో సరిపెట్టుకుంది. 1952లో వెరా లిన్ తరువాత అమెరికాలో ప్రథమ స్థానం పొందిన బ్రిటిష్ గాయని ఆమె. రాక్ అండ్ రోల్ అనే వేగవంతమైన యువజన సంగీతం విస్తరించిన యుగంలో మొదటి బ్రిటిష్ గాయని కూడా ఆమే. బ్రిటిష్ బృందాలు వరుసగా అమెరికాను ముంచెత్తడాన్ని ఆనాటి పత్రికలు బ్రిటిష్ దండయాత్ర అని పిలిచాయి. ఇరవై ఏళ్ల యువకులు గిటార్లతో నడిపిన ఆ దండయాత్రలో, ముప్పై రెండేళ్ల వయసున్న, ఇద్దరు ఆడపిల్లల తల్లి అయిన, పారిస్‌లో నివసించే గాయని అగ్రభాగాన నిలవడం ఆ కాలపు సంగీతాన్ని యువకుల చరిత్రగా మాత్రమే రాసేవారికి ఇబ్బంది కలిగించే సత్యం. అమెరికన్ రికార్డు పరిశ్రమ ఇచ్చే గ్రామీ పురస్కారం ఈ పాటకు రాక్ అండ్ రోల్ విభాగంలో లభించగా, మరుసటి ఏడాది 'ఐ నో ఎ ప్లేస్' అనే పాటకు రెండవ గ్రామీ వచ్చింది. 1966లో 'మై లవ్' అమెరికాలో మళ్లీ ప్రథమ స్థానం పొందింది.

ఆమె పాటలను అందరికన్నా గంభీరంగా విన్న శ్రోత కెనడాకు చెందిన పియానో విద్వాంసుడు గ్లెన్ గూల్డ్. పద్దెనిమిదవ శతాబ్దపు జర్మన్ స్వరకర్త బాఖ్ రచనలను వాయించడంలో ప్రపంచఖ్యాతి గడించిన ఈ విద్వాంసుడు, 1964లో కచేరీలు పూర్తిగా మానుకుని, సంగీతానికి భవిష్యత్తు స్టూడియోలోను, రేడియోలోను ఉందని వాదించినవాడు. ఒంటారియో ఉత్తర ప్రాంతపు నిర్జనమైన రహదారి మీద కారులో ప్రయాణిస్తూ, ఒక రేడియో కేంద్రం అందని చోట మరొకటి అందుకుంటూ, 'హూ యామ్ ఐ' అనే ఆమె పాటను పదేపదే విన్న అనుభవం ఆధారంగా ఆయన 1967లో ఒక వ్యాసం రాసి, దాన్ని రేడియో ప్రసంగంగానూ వినిపించారు. ఆమె పాటల స్వర నిర్మాణాన్ని, అవి యువతరానికి ఇచ్చే మనోనిబ్బరాన్ని కలిపి విశ్లేషించిన ఆ వ్యాసంలో, బీటిల్స్ కన్నా ఆమె పాటలకే ఆయన ఎక్కువ విలువ ఇచ్చారు. ఆ తీర్పులో పండితుని మొండితనం కొంత ఉన్నప్పటికీ, నిర్జన ప్రదేశంలో రేడియో ద్వారా చేరిన గొంతుగా ఆమెను గుర్తించిన ఆయన దృష్టి మాత్రం సరైనది.

1967లో చార్లీ చాప్లిన్ తన చివరి చిత్రం 'ఎ కౌంటెస్ ఫ్రమ్ హాంకాంగ్' కోసం స్వరపరచిన 'దిస్ ఈజ్ మై సాంగ్' పాటను ఆమె ఇతర యూరోపియన్ భాషల్లో ఇష్టంగా పాడినా, పాతకాలపు ఇంగ్లీషులో చాప్లిన్ రాసిన మాటలు ఆమెకు నచ్చలేదు. అయినా ఇంగ్లీషు పాటే బ్రిటన్‌లో ప్రథమ స్థానం పొందింది. శ్రోతల అభిరుచి గాయని అభిరుచితో ఏకీభవించకపోవడం ఈ వృత్తిలో సాధారణమే.

1968లో జరిగిన ఒక సంఘటన ఆమె వ్యక్తిత్వాన్ని సంగీతం కన్నా స్పష్టంగా చూపిస్తుంది. అమెరికాలోని ఎన్‌బీసీ టెలివిజన్ సంస్థ ఆమె పేరు మీద ఒక ప్రత్యేక కార్యక్రమం నిర్మించగా, నల్లజాతి గాయకుడు, పౌరహక్కుల ఉద్యమంలో మార్టిన్ లూథర్ కింగ్‌కు సన్నిహితుడు అయిన హ్యారీ బెలఫాంటే అందులో అతిథిగా పాల్గొన్నారు. ఆమె స్వయంగా స్వరపరచిన 'ఆన్ ద పాత్ ఆఫ్ గ్లోరీ' అనే యుద్ధ వ్యతిరేక గీతాన్ని ఇద్దరూ కలిసి పాడుతున్నప్పుడు, పాటలోని ఆవేదనకు లోనై ఆమె ఆయన చేతిని పట్టుకున్నారు. కార్యక్రమానికి డబ్బు సమకూర్చే ప్రాయోజకులైన కార్ల సంస్థ ప్రతినిధి, తెల్లజాతి స్త్రీ నల్లజాతి పురుషుని తాకిన దృశ్యం దక్షిణ రాష్ట్రాల్లో తమ వ్యాపారాన్ని దెబ్బతీస్తుందన్న భయంతో, ఇద్దరూ దూరంగా నిలబడి పాడిన వేరే టేకును వాడాలని పట్టుబట్టారు. టేకు అంటే ఒకే అంశాన్ని మళ్లీ మళ్లీ చిత్రించినప్పుడు వచ్చే ఒక్కొక్క ప్రతి. కార్యక్రమ నిర్మాణ బాధ్యత వహించిన ఆమె భర్త, ఆమె కలిసి మిగిలిన టేకులన్నింటినీ నాశనం చేయించి, చేతిని పట్టుకున్న దృశ్యంతోనే కార్యక్రమాన్ని సంస్థకు అప్పగించారు.

జాత్యంతర వివాహాలను నిషేధించే రాష్ట్ర చట్టాలను అమెరికా సుప్రీంకోర్టు కొట్టివేసి అప్పటికి ఏడాది కూడా కాలేదు. కార్యక్రమం ప్రసారమైన 1968 ఏప్రిల్ నెలలోనే, 4వ తేదీన మార్టిన్ లూథర్ కింగ్ హత్యకు గురయ్యారు. అమెరికన్ టెలివిజన్ మీద ఇటువంటి స్పర్శ ఇదే మొదటిదని కొందరు రాసే మాటను యథాతథంగా స్వీకరించడం కష్టం. అయినా ఆమె చేసిన పని గొప్పతనం తగ్గదు. ఒక విదేశీ గాయని, తనకు అమెరికాలో లభించిన అతిపెద్ద అవకాశాన్ని చేజార్చుకునే ప్రమాదాన్ని లెక్కచేయకుండా, సహజంగా జరిగిన ఒక స్నేహచర్యను తుడిచివేయడానికి నిరాకరించడం ఆ కాలంలో తేలికైన నిర్ణయం కాదు.

అదే సంవత్సరం ఫ్రాన్సిస్ ఫోర్డ్ కపోలా దర్శకత్వంలో ఫ్రెడ్ అస్టేర్‌తో కలిసి 'ఫినియన్స్ రెయిన్‌బో'లోను, 1969లో పీటర్ ఓ'టూల్ సరసన 'గుడ్‌బై, మిస్టర్ చిప్స్'లోను ఆమె కథానాయికగా నటించారు. నటిగా ఆమె ప్రతిభను ఈ రెండు చిత్రాలూ నిరూపించినా, సంగీత ప్రధాన చిత్రాల పట్ల ప్రేక్షకులకు ఆసక్తి తగ్గిపోతున్న రోజులవి కావడంతో, బాల్యంలో కలలు కన్న సినీ జీవితం ఆమెకు సంపూర్ణంగా దక్కకుండానే ముగిసింది. పదేళ్లు ముందు వచ్చి ఉంటే ఆమె పేరు సంగీత చిత్రాల చరిత్రలో ముందు వరుసలో ఉండేదని భావించడం అనుచితం కాదు. 1969లో మాంట్రియల్‌లో ఇంగ్లీషు, ఫ్రెంచి శ్రోతల మధ్య రగిలిన భాషా వివాదం ఆమె కచేరీలోకి కూడా ప్రవేశించి, ఏ భాషలో పాడినా రెండవ వర్గం అల్లరి చేసిన సందర్భంలో, మనసు కష్టపెట్టుకున్న ఆమె అదే నగరంలోని హోటల్లో ఉన్న బీటిల్స్ గాయకుడు జాన్ లెనన్‌ను సలహా కోసం కలిశారు. జూన్ 1న ఆ హోటల్ గదిలో రికార్డయిన 'గివ్ పీస్ ఎ ఛాన్స్' బృందగానంలో ఆమె గొంతు కూడా కలిసింది.

1972లో కుమారుడు జన్మించాక, ముగ్గురు పిల్లల పెంపకం కోసం పని తగ్గించుకున్న ఆ దశాబ్దంలో చెప్పుకోదగిన రికార్డులు తక్కువ. కీర్తి అక్కడితో ముగిసి ఉంటే అది సహజమనే అందరూ భావించేవారు.

ఆమె మూడవ జీవితం రంగస్థలం మీద మొదలైంది. ఇంగ్లీషువారి మ్యూజికల్ అనే సంగీత నాటకంలో, తెలుగు పద్యనాటకంలో వలె, నటించేవారే స్వయంగా పాడాలి. వారానికి ఎనిమిది ప్రదర్శనల వరకు నెలల తరబడి కొనసాగించాలి. నేపథ్యగానం సహాయం ఉండదు. 1981లో లండన్‌లోని అపోలో విక్టోరియా నాటకశాలలో 'ద సౌండ్ ఆఫ్ మ్యూజిక్' నాయిక మరియాగా నటించే నాటికి ఆమెకు దాదాపు నలభై తొమ్మిదేళ్లు. ఇరవై ఏళ్ల యువతి పాత్రకు ఆ వయసు తగునా అన్న సందేహం ఆమెకే ఉండగా, ఆ పాత్రకు మూలమైన నిజజీవిత మహిళ మరియా ఫన్ ట్రాప్ ప్రదర్శన చూసి మెచ్చుకోవడంతో ఆ సందేహం తీరింది. నాటకం ఏడాదికి పైగా నడిచింది. 1993లో న్యూయార్కు నాటకరంగ కేంద్రమైన బ్రాడ్‌వేలో విల్లీ రసెల్ రచన 'బ్లడ్ బ్రదర్స్'లో, పేదరికం వల్ల కవలల్లో ఒకరిని పెంపకానికి ఇచ్చివేసిన లివర్‌పూల్ తల్లి పాత్ర ధరించారు.

అన్నింటికన్నా ఆమె వృత్తిజీవితాన్ని వెలిగించిన పాత్ర 'సన్‌సెట్ బూలెవార్డ్' నాటకంలోని నార్మా డెస్మండ్. బిల్లీ వైల్డర్ 1950 నాటి చిత్రం ఆధారంగా ఆండ్రూ లాయిడ్ వెబర్ స్వరపరచిన ఈ నాటకంలో, మూకీ చిత్రాల కాలపు మహానటి ఒకరు, కాలం మారిందని ఒప్పుకోలేక, గడచిన కీర్తినే లోకంగా భావించి చివరకు మతి కోల్పోతుంది. 1995లో లండన్‌లో మరొక నటి సెలవు కాలంలో తాత్కాలికంగా ఈ పాత్ర ధరించిన పెటులా క్లార్క్, 1996 నుంచి పూర్తికాల నాయికగా కొనసాగి, 1998 నుంచి 2000 వరకు అమెరికా పర్యటనలోనూ దాన్ని పోషించారు. బాల్యంలోనే కీర్తి పొంది, ఆ కీర్తి గీసిన గిరి దాటడానికి దేశమే మారిన నటి, గిరి దాటలేక నశించిన నటి పాత్రను వేలమంది ముందు అన్ని సంవత్సరాలు ప్రదర్శించడం విశేషం. నార్మాను ఇతర నటీమణులు భయంకరంగా చిత్రించగా, ఆమె ఆ పాత్రకు జాలిని జోడించారు. ప్రమాదాన్ని సమీపం నుంచి చూసినవారికే అది సాధ్యం.

1998లో బ్రిటిష్ ప్రభుత్వ గౌరవమైన సీబీఈ బిరుదు, 2012లో ఫ్రెంచి ప్రభుత్వం కళలు, సాహిత్య రంగాల్లో ఇచ్చే కమాండర్ బిరుదు ఆమెను వరించాయి. 2013లో వెలువడిన 'లాస్ట్ ఇన్ యూ' అనే సంపుటిలో ఎనభై ఏళ్ల వయసున ఆమె 'డౌన్‌టౌన్'ను మళ్లీ పాడారు. వేగం తగ్గించి, బాకాలు, డప్పుల ఆర్భాటం తొలగించి, పాటంతా మొదటి చరణం స్థాయిలోనే నడిపిన ఈ రూపంలో నగరపు సందడికి ఆహ్వానం వినిపించదు; ఆ సందడి అవసరమయ్యేంత ఒంటరితనం మాత్రమే వినిపిస్తుంది. 2018లో కెనడాలోని క్యుబెక్‌లో ఒక ఫ్రెంచి సంపుటి వెలువరించిన ఆమె, 2019లో లండన్‌లో 'మేరీ పాపిన్స్' నాటకంలో పక్షులకు గింజలు అమ్మే వృద్ధురాలి పాత్ర ధరించారు. 2022 మే నెలలో స్వరకర్త స్టీఫెన్ సాండ్‌హైమ్ స్మృత్యర్థం లండన్‌లో జరిగిన సంగీత కార్యక్రమంలోనూ పాడారు.

ఇంత సుదీర్ఘమైన కృషిని పాప్ సంగీత చరిత్రలు 1960ల బ్రిటిష్ దండయాత్ర శీర్షిక కింద ఒక పేరాతో సరిపుచ్చడం అన్యాయం. ఆమె స్థానం మైక్రోఫోను కళ చరిత్రలో, రేడియో గొంతుల చరిత్రలో, యూరపు బహుభాషా గానచరిత్రలో, సంగీత నాటక చరిత్రలో విడివిడిగా నిర్ణయింపబడాలి. ఆమె పాటలు నేడు అందరికీ సులభంగా అందుబాటులో ఉన్నాయి కాబట్టి, ఆసక్తిగల శ్రోతలు 'డౌన్‌టౌన్' 1964 రికార్డును, 2013 రికార్డును ఒకదాని వెంట ఒకటి వినవలసిందిగా, వాటి నడుమ వీలైతే 'షారియో' ఫ్రెంచి పాటను కూడా చేర్చుకోవలసిందిగా కోరడమైనది.